అట్లాంటిక్ దీవిలో టీ, అనాస: నారింజ పోయాక మిగిలినవి

టీ తోటకి మబ్బు కావాలి, చల్లదనం కావాలి, రోజూ కాకపోయినా తరచూ పడే వాన కావాలి. అనాసకి వెచ్చదనం కావాలి, వేళ్ల దగ్గర నీళ్లు నిలవకూడదు, చలి తగిలితే ఎదగడం మానేస్తుంది. ఇలా పొసగని రెండు పంటలు ఒకే దీవిలో, గంట ప్రయాణం కూడా లేని దూరంలో, దాదాపు 150 ఏళ్లుగా పండుతున్నాయి. అదీ భూమధ్యరేఖ దగ్గరెక్కడో కాదు. ఏథెన్స్ నగరం ఎంత ఉత్తరాన ఉందో ఇంచుమించు అంతే ఉత్తరాన, అట్లాంటిక్ మహాసముద్రం నడిమధ్యలో.

ఆ దీవి పేరు సావో మిగెల్. పోర్చుగల్‌కి చెందిన అజోర్స్ దీవులు మొత్తం తొమ్మిది, వాటిలో ఇదే పెద్దది, సుమారు 745 చదరపు కిలోమీటర్లు. లిస్బన్ నుంచి పడమరగా 1,400 కిలోమీటర్ల పైచిలుకు. అగ్నిపర్వతాలు పుట్టించిన నేల, ఇప్పటికీ కొన్ని చోట్ల భూమిలోంచి ఆవిరి తన్నుకొస్తూనే ఉంటుంది. చలికాలంలో సగటు ఉష్ణోగ్రత 14 డిగ్రీల దగ్గర, ఎండాకాలంలో 22 దగ్గర. అంటే సముద్రతీరంలో మంచు గడ్డకట్టేంత చలీ ఉండదు, మనం ఎండ అని పిలిచే ఎండా ఉండదు. టీకి ఈ లెక్క బాగానే సరిపోయింది. అనాసకి సరిపోలేదు, అందుకే దానికి అద్దాల ఇల్లు కట్టారు.

ఈ రెండిటి గురించి ఎక్కడ రాసినా 'సంప్రదాయ వ్యవసాయం' అనే మాట తప్పకుండా వస్తుంది. ఆ మాటతోనే కొంచెం పేచీ. సావో మిగెల్‌లో జనం స్థిరపడింది 15వ శతాబ్దంలో, టీ, అనాస వ్యాపార పంటలుగా మొదలైంది 19వ శతాబ్దం రెండో సగంలో. తాతముత్తాతల నుంచి వస్తున్న అలవాటుగా ఇవి పుట్టలేదు. ఒక పెద్ద పంట కుప్పకూలితే కంగారు పడ్డ భూస్వాములు నాలుగైదు చోట్ల రాళ్లు వేసి చూశారు, అందులో రెండు తగిలాయి. అసలు కథ తెలియాలంటే ముందు మునిగిపోయిన పంట సంగతి చూడాలి.

ఆ పంట నారింజ. 18వ శతాబ్దం చివరి నుంచి 19వ శతాబ్దం మధ్యదాకా ఇంగ్లండ్‌లో చలికాలం తినే నారింజల్లో పెద్ద వాటా ఈ దీవిదే. కాయలని ఒక్కొక్కటిగా ఎండిన మొక్కజొన్న పొత్తు రేకుల్లో చుట్టి, పెట్టెల్లో సర్ది, తెరచాప ఓడల్లో లండన్‌కి పంపేవాళ్లు. కాయ కుళ్లకముందే చేరాలి కాబట్టి వేగంగా పోయే చిన్న ఓడలే ఈ వ్యాపారంలో తిరిగేవి. దీవిలో తోటల చుట్టూ ఎత్తైన రాతి గోడలు కట్టారు, ఉప్పు గాలి తగలకుండా గోడల లోపల చెట్ల వరసలు నాటారు. ఈ గాలి అడ్డుచెట్లని కాస్త గుర్తుపెట్టుకోండి, తర్వాత అవసరం పడతాయి. డబ్బు బాగా వచ్చింది. పోంటా డెల్గాడా పట్టణంలో ఇప్పుడు పర్యాటకులు ఫోటోలు తీసుకునే పెద్ద పెద్ద ఉద్యానవనాలు, భవనాలు చాలామటుకు ఆ నారింజ డబ్బుతో లేచినవే.

తర్వాత తెగులు వచ్చింది. 1830ల నుంచి చెట్ల మొదళ్ల దగ్గర బెరడు పగిలి జిగురు కారడం మొదలైంది. నల్గొండ, అనంతపురం వైపు బత్తాయి రైతులకి బంక తెగులు అంటే వెంటనే అర్థమవుతుంది, అదే కుటుంబం చెట్టు, అదే రకం బాధ. అక్కడి వాళ్లు మాత్రం దానికి 'లాగ్రిమా' అని పేరు పెట్టుకున్నారు, అంటే కన్నీటి బొట్టు. దాని వెనకే పొలుసు పురుగు. సముద్రం మధ్యలో ఒంటరిగా ఉండటం వల్ల దీవికి రక్షణ ఉంటుందనుకుంటాం గానీ, రోజూ ఓడలు వచ్చిపోయే రేవు ఉన్నచోట ఆ రక్షణ ఎంత? పైగా దీవి మొత్తం ఒకే చెట్టు ఉంటే పురుగుకి పండగే. ఈలోగా స్పెయిన్ నుంచి నారింజలు చవగ్గా, త్వరగా ఇంగ్లండ్ చేరడం మొదలైంది. తెగులు ఒకవైపు, ధర ఇంకోవైపు. శతాబ్దం చివరికి వచ్చేసరికి ఆ వ్యాపారం దాదాపు అయిపోయింది.

కాకపోతే సావో మిగెల్ భూస్వాములు చేతులు ముడుచుకుని కూర్చోలేదు. 1843లోనే వ్యవసాయాభివృద్ధి కోసం ఒక సంఘం పెట్టుకున్నారు. ఆ సంఘం ఒక పత్రిక నడిపింది, విత్తనాలు తెప్పించింది, బయటి నుంచి నిపుణులని పిలిపించింది. జోజే దు కాంటో లాంటి సంపన్నులకి మొక్కల పిచ్చి ఉండేది, ప్రపంచం నలుమూలల నుంచి చెట్లు తెప్పించి తమ తోటల్లో పెంచి చూసేవాళ్లు. ఈ సరదానే తర్వాత పనికొచ్చింది. పొగాకు వేశారు, బీట్‌రూట్ చక్కెర ప్రయత్నించారు, చికోరీ వేశారు, నార కోసం న్యూజిలాండ్ ఫ్లాక్స్ అనే మొక్క పెంచారు, టీ వేశారు, అనాస వేశారు. ఒక్క పంట మీద ఆధారపడితే ఏమవుతుందో కళ్లారా చూసిన తరం అది.

టీ మొక్క అప్పటికే దీవిలో ఉంది. 1820 ప్రాంతంలో బ్రెజిల్ నుంచి విత్తనాలు వచ్చాయని చెబుతారు, కానీ అందం కోసం పెంచుకునే మొక్కగానే చాలాకాలం ఉండిపోయింది. ఆకు ఉంటే సరిపోదు కదా, ఆకుని టీపొడిగా మార్చే విద్య కావాలి, ఆ విద్య చైనా వాళ్ల చేతుల్లో ఉంది. ఇంగ్లిష్ వాళ్లు అస్సాంలో టీ మొదలుపెట్టినప్పుడు కూడా చైనా నుంచి పనివాళ్లని తెచ్చుకోవాల్సి వచ్చింది. పోర్చుగీసు వాళ్లకి ఒక వెసులుబాటు ఉంది: చైనా తీరంలోని మకావు రేవు అప్పట్లో వాళ్ల చేతిలోనే ఉంది. 1878లో మకావు నుంచి లావ్-అ-పాన్, లావ్-అ-తెంగ్ అనే ఇద్దరు సావో మిగెల్‌కి వచ్చారు. ఒకరు టీ తయారీ తెలిసిన మేస్త్రి, రెండోవారు దుబాసీ. ఆకు ఎలా కోయాలి, ఎంతసేపు వాడబెట్టాలి, ఎలా నలపాలి అనేది వాళ్లు చూపించారు. ఇవాళ 'యూరప్‌లో అత్యంత పాత టీ తోట' అని గర్వంగా చెప్పుకునేదానికి పునాది ఆ ఇద్దరి చేతిపనే.

మాటల సంగతి ఒకటి చెప్పకుండా ఉండలేం. పశ్చిమ యూరప్‌లో దాదాపు అందరూ టీ, తే, టే అంటుంటే పోర్చుగీసులు మాత్రం 'షా' అంటారు, మకావు దగ్గర కాంటనీస్ వాళ్లు అనే 'చా'ని వాళ్లు సముద్రం మీదుగానే పట్టుకెళ్లారు కాబట్టి. తెలుగులో మనకి టీ, తేయాకు ఒక దారిలోనూ, చాయ్ ఇంకో దారిలోనూ వచ్చి రెండూ స్థిరపడ్డాయి. అనాస అయితే సూటిగా వాళ్ల మాటే: దక్షిణ అమెరికా ఆదివాసుల భాషలోని పేరు పోర్చుగీసులో 'అననాష్' అయింది, పండుతో పాటు పేరు కూడా వాళ్ల ఓడల్లోనే మన తీరానికి దిగింది. దానికి బదులుగా అన్నట్టు నారింజ పేరు ఇటునుంచి అటు వెళ్లింది. ద్రావిడ భాషల్లో పుట్టి సంస్కృతం, పర్షియన్, అరబిక్ దాటుకుంటూ పోయి అక్కడ 'లరాంజ' అయిందని భాషావేత్తలు చెబుతారు. మన నాలుక మీద ఈ పేర్లు పక్కింటి చుట్టాల్లా ఉండటానికి కారణం అదే.

సరే, టీ దగ్గరికి వద్దాం. దీవి ఉత్తర తీరంలో, మాయా అనే ఊరి దగ్గర గొర్రియానా అనే తోట ఉంది (పేరులో గొర్రె వినిపించినా చుట్టూ మేసేవి ఆవులే). 1883లో ఎర్మెలిందా పషేకు గాగో ద కామరా అనే ఆవిడ మొదలుపెట్టిన తోట, ఇప్పటికీ అదే కుటుంబం చేతిలో ఉంది. వంద ఎకరాలకి అటూఇటూ ఉంటుంది, ఏడాదికి 30 నుంచి 40 టన్నుల దాకా టీ చేస్తుంది. ఈ అంకె ఎంత చిన్నదో తెలియాలంటే ఒక లెక్క చాలు: భారతదేశంలో ఏటా తయారయ్యే టీ సుమారు 13 లక్షల టన్నులు, ఏడాది పొడవునా సమానంగా పంచితే గొర్రియానా ఏడాది పంట మనకి పావుగంట పని.

అక్కడ టీ ఎందుకు కుదిరిందంటే, మొదటిది నేల. టీకి ఆమ్ల గుణం ఉన్న నేల కావాలి, నీళ్లు నిలవకుండా జారిపోవాలి. అగ్నిపర్వత బూడిదతో ఏర్పడ్డ నేలకి ఈ రెండూ ఉన్నాయి. రెండోది ఉత్తర తీరం గాలి. సముద్రం మీంచి వచ్చే తేమ కొండలకి తగిలి మబ్బుగా, తుంపరగా దిగుతూ ఉంటుంది. మూడోది చలికాలం, దీని గురించి మాత్రం కాస్త ఆగి చెప్పుకోవాలి. టీ మొక్కకి చలి ఎంత ముఖ్యమో పగటి పొడవూ అంతే ముఖ్యం. పగలు పదకొండు గంటలకి అటూఇటూ పడిపోయిందంటే చిగురు వేయడం ఆపేసి పడుకుంటుంది. నీలగిరుల్లో ఏడాదంతా ఆకు కోస్తుంటే డార్జిలింగ్‌లో చలికాలం కోత ఎందుకు ఆగిపోతుందంటే ఇదే కారణం. సావో మిగెల్ డార్జిలింగ్ కంటే కూడా చాలా ఉత్తరాన ఉంది, కాబట్టి అక్కడ కోత ఏప్రిల్‌లో మొదలై సెప్టెంబరు, మహా అయితే అక్టోబరుతో సరి. సగం ఏడాది తోట ఖాళీ. వ్యాపారానికి ఇది నష్టమే, కానీ ఈ సెలవు వల్ల పురుగులకి కూడా తిండి దొరకదు, వాటి వరస తెగిపోతుంది. ఆసియా తోటలని పీడించే టీ దోమ, ఆకు బొబ్బ తెగులు లాంటివి అంత దూరం సముద్రం దాటి చేరలేదు. పురుగుమందు కొట్టకుండానే టీ పండిస్తున్నామని అక్కడి వాళ్లు చెప్పుకోవడం వెనక దీవి ఉన్న చోటు కూడా ఉంది, రైతు పట్టుదల ఒక్కటే కాదు. అయితే నారింజకి కూడా ఒకప్పుడు ఇదే ధీమా ఉండేదని మర్చిపోకూడదు.

కోసిన ఆకుని పల్చగా పరిచి వాడబెడతారు, తర్వాత యంత్రంలో నలుపుతారు, నలిగిన ఆకు గాలికి రంగు మారేదాకా వదిలేస్తారు, ఆపైన ఆరబెట్టి జల్లెడ పట్టి రకాలుగా విడదీస్తారు. ఆకు నాలుగైదు కిలోలు పోస్తే పొడి ఒక కిలో. ఆ నలిపే యంత్రాలు ఇంగ్లండ్‌లోని మార్షల్ కంపెనీవి, చాలా పాతవి, ఇంకా తిరుగుతూనే ఉన్నాయి. వచ్చిన పొడిలో మేలురకం పేరు ఆరెంజ్ పెకో. నారింజ పోయాక మొదలైన పంటకి ఈ పేరు కాస్త వెటకారంగా వినిపిస్తుంది గానీ, ఇందులో ఆరెంజ్ ఏమీ లేదు, టీ వ్యాపారంలో ఆకు సైజుని బట్టి ఎక్కడైనా పెట్టే పేరే. ఇంకో మాట, ఇది ఆకుని మెలితిప్పే పాత పద్ధతి టీ, మన ఇళ్లలో వాడే గుళికల్లాంటి సీటీసీ పొడి కాదు. పాలు పోసి మరిగిస్తే ఇందులో ఏమీ మిగలదు. ఇరానీ హోటల్ మేస్త్రికి ఇది ఇస్తే ఒక గ్లాసు కూడా సరిగ్గా దించలేక మన మొహం చూస్తాడు. నీళ్లలో పలచగా, పాలు లేకుండా తాగాల్సిన సరుకు. దీవిలోనే ఫర్నస్ అనే చోట ఊటనీళ్లలో ఇనుము ఎక్కువ, వాటితో గ్రీన్ టీ పెడితే కప్పులో ఊదారంగు తేలుతుంది. టీలోని వగరు ఇనుముతో కలిసి చేసే రసాయనం అది, చూడటానికి మాత్రం గారడీలా ఉంటుంది.

ఒకప్పుడు ఈ దీవిలో పదికి పైగా టీ ఫ్యాక్టరీలు ఉండేవి. ఇప్పుడు చెప్పుకోదగ్గవి రెండు: గొర్రియానా, దానికి దగ్గర్లోనే ఉన్న పోర్టో ఫర్మోసో. రెండోది 1980ల్లో మూతపడి, తర్వాత బాగుచేసి తెరిచినది. మిగతావి ఎందుకు పోయాయి? అప్పటి పోర్చుగల్ పాలనలో ఉన్న మొజాంబిక్ కొండల్లో పెద్ద ఎత్తున టీ వేశారు, అక్కడి చవక టీ అడ్డూఅదుపూ లేకుండా పోర్చుగల్ మార్కెట్‌లోకి వచ్చింది. సొంత దేశం ఏలిన వలసరాజ్యమే సొంత దేశం దీవిని దెబ్బకొట్టిందన్నమాట. ఇంకోపక్క మనుషులు వెళ్లిపోయారు. 1957-58లో అజోర్స్‌లోనే ఉన్న ఫయల్ దీవిలో కపెలిన్యోష్ అగ్నిపర్వతం పేలింది, బాధితుల కోసం అమెరికా 1958లో ప్రత్యేకంగా ఒక చట్టం చేసింది, ఆ తలుపు తెరుచుకున్నాక అన్ని దీవుల నుంచీ జనం అమెరికా, కెనడాలకి బారులు తీరారు. ఆకు కోసే చేతులు తగ్గాయి. ఉన్న భూమిని గడ్డి చేసి ఆవులని వదిలితే పాల డబ్బు నెలనెలా వస్తుంది, కూలీలు పెద్దగా అక్కర్లేదు. ఇవాళ పోర్చుగల్ పాలల్లో దాదాపు మూడోవంతు అజోర్స్ నుంచే వస్తున్నాయి. టీని ఓడించింది వేరే టీ ఒక్కటే కాదు, ఆవు కూడా.

మరి గొర్రియానా ఎందుకు మిగిలింది? రుచి, నాణ్యత అని అందరూ అనేస్తారు. అంతకన్నా నమ్మదగ్గ కారణం ఖర్చు లెక్కలో ఉంది. వాగు నీళ్లతో సొంతంగా కరెంటు తీసుకునే ఏర్పాటు ఉంది, యంత్రాలు ఏనాడో కొన్నవి, భూమి కుటుంబానిది. టీ తయారీలో ఆరబెట్టడానికి, యంత్రాలు తిప్పడానికి అయ్యే శక్తి ఖర్చు పెద్దది, అది తగ్గితే చెడ్డ ఏళ్లని ఎలాగోలా దాటేయొచ్చు. కూలీలు దొరకని సమస్యకి చేత్తో పట్టుకుని నడిచే కోత యంత్రాలు తెచ్చుకున్నారు, ఇద్దరు చెరోవైపు పట్టుకుని వరస మీదుగా నడిస్తే చిగుళ్లు కోసుకుపోతుంది. చేతికోత అంత నాజూకుగా ఉండదు, ముదురాకు కూడా పడుతుంది, కానీ యూరప్ కూలిరేట్లతో చేతికోత పెడితే పొడి ఎవరూ కొనలేరు. అంటే 'సంప్రదాయం' ఫ్యాక్టరీ లోపల నిలిచింది, పొలంలో నిలవలేదు. ఇందులో తప్పేమీ లేదు, కాకపోతే ఫోటోల్లో బుట్టలు పట్టుకున్న ఆడవాళ్లు రోజువారీ పని చూపిస్తున్నారనుకోకూడదు.

అనాస కథ దీనికి సరిగ్గా తలకిందులు. అక్కడ ఫ్యాక్టరీ లేదు, యంత్రం దాదాపు లేదు, ఉన్నదంతా చేతిపనే.

19వ శతాబ్దం ఇంగ్లండ్‌లో అనాస అంటే హోదా. బొగ్గు మండించి వేడిచేసే అద్దాల గదుల్లో ఒక్కో కాయకి బోలెడంత ఖర్చుపెట్టి పండించేవాళ్లు, కొనలేనివాళ్లు విందు బల్ల మీద పెట్టుకోవడానికి ఒక రాత్రికి అద్దెకి కూడా తెచ్చుకునేవాళ్లు. సావో మిగెల్ తోటల యజమానులకి ఈ సంగతి బాగా తెలుసు, నారింజలు అమ్మింది ఆ లండన్‌కే కదా. అనాస మొక్క కూడా టీ లాగే ముందు అందం కోసమే దీవికి వచ్చింది. ఇంగ్లండ్‌లో బొగ్గు కాల్చి తెచ్చుకునే వేడిని ఈ దీవిలో ఎండ, అద్దం కలిపి ఉత్తినే ఇస్తాయి, అదే వాళ్లు పట్టుకున్న కిటుకు. 1860ల్లో లండన్‌కి కాయలు వెళ్లడం మొదలైంది. పోంటా డెల్గాడా చుట్టుపక్కల, ముఖ్యంగా ఫాజా ద బైషు అనే ఊళ్లో, నారింజ చెట్లు కొట్టేసిన చోటే అద్దాల ఇళ్లు లేచాయి. గోడలు ఉన్నాయి, దారులు ఉన్నాయి, రేవు దగ్గర, కొనేవాళ్లు తెలిసినవాళ్లే. పాత వ్యాపారం సామాను అంతా కొత్త వ్యాపారానికి పనికొచ్చింది.

ఈ అద్దాల ఇళ్లు రెండువైపులా వాలు కప్పుతో, చెక్క చట్రాల్లో గాజు పలకలు బిగించి కట్టినవి. లోపల హీటర్ లేదు. వేడి రెండు చోట్ల నుంచి వస్తుంది: పైన ఎండ, కింద మన్ను. పెంటకుప్పలో చెయ్యి పెడితే లోపల వేడిగా తగులుతుంది కదా, అదే సూత్రం. మడి అడుగున కొండల మీద నుంచి తెచ్చిన నాచు, పొదల గడ్డలు, కొమ్మరెమ్మలు, చెక్కపొట్టు పొరలు పొరలుగా పరిచి మన్ను కప్పుతారు, అది లోపల కుళ్లుతూ వేళ్లకి వెచ్చదనం ఇస్తుంది, తర్వాత ఎరువూ అవుతుంది. ఆ నాచుగడ్డలని అక్కడ 'లెయివా' అంటారు. వేసవిలో ఎండ మరీ ఎక్కువైతే కప్పు అద్దాలకి సున్నం కొడతారు, గాలి కోసం పైన తలుపులు తీస్తారు. ఇప్పుడు గాలి అడ్డుచెట్లు గుర్తుచేసుకోవాలి. నారింజ తోటల చుట్టూ నాటిన చెట్లలో ఒకటి ఆస్ట్రేలియా నుంచి తెచ్చిన 'ఇన్సెన్సు'. తోటలు పోయినా అది పోలేదు, గింజలు పడి అడవుల్లోకి పాకి స్థానిక చెట్లని తొక్కేసింది. దాన్నే నరికి, ముక్కలు చేసి అనాస మడుల్లో వేస్తున్నారు. ఒక పంటకి కంచె, ఇంకో పంటకి పరుపు, మధ్యలో అడవికి బెడద. లెయివా తవ్వడం కొండల మీద నీటిని పట్టి ఉంచే నాచునేలల్ని దెబ్బతీస్తుందని దానిమీద ఆంక్షలు వచ్చాయి, అందుకే ఇన్సెన్సు ముక్కల వాడకం పెరిగింది.

నాటడం నుంచి కోత దాకా సుమారు రెండేళ్లు. కాయ కోసేసిన పాత మొక్క మొదలుని తీసి, ఆకులు ఒలిచి, చిన్న అద్దపు పెట్టెల్లాంటి మడుల్లో పడుకోబెడతారు. దాని మీద కళ్లు చిగిర్చి పిలకలు వస్తాయి. ఆ పిలకలని తీసి పెద్ద ఇంట్లో నాటతారు, కొంత ఎదిగాక మళ్లీ పీకి ఇంకో ఇంట్లో ఎడంగా నాటతారు. ప్రతిసారీ కొత్త మడి, కొత్త పరుపు. ఒక్కో మొక్కకి ఒక్కటే కాయ. మన సీతంపేట ఏజెన్సీలో కొండవాలుల మీద ఏ అద్దమూ లేకుండా వానకే పండే పండుని వాళ్లు అక్కడ పసిపిల్లని సాకినట్టు సాకుతారు.

అన్నిటికన్నా ఆసక్తికరమైన పని పొగ పెట్టడం. అనాస మొక్కలని వాటి మానాన వదిలేస్తే ఒకటి ముందు పూస్తుంది, ఒకటి వెనక పూస్తుంది, కోత నెలల తరబడి సాగుతుంది. సావో మిగెల్ వాళ్లు అద్దాల ఇల్లు మూసేసి లోపల పచ్చి ఆకూ అలమూ కాల్చి, వారం పది రోజులు సాయంత్రం పూట పొగ నింపుతారు. కొన్ని వారాలకి మొక్కలన్నీ కూడబలుక్కున్నట్టు ఒకేసారి మొగ్గ తొడుగుతాయి. 1870ల్లో ఇది అనుకోకుండా బయటపడిందని చెబుతారు. పొగకి మొక్క ఎందుకు పూస్తుందో ఆనాడు ఎవరికీ తెలియదు, పొగలోని ఇథిలీన్ వాయువే కారణమని శాస్త్రం తేల్చింది 1930ల్లో. అంటే దాదాపు అరవై ఏళ్లు కారణం తెలియకుండానే రైతులు సరైన పని చేశారు. మన దగ్గర అరటి గెలలని గదిలో పెట్టి పొగబెట్టి మాగబెట్టేది కూడా ఇదే వాయువుతో. తేడా ఏమిటంటే అరటిలో అది కాయని పండిస్తుంది, అనాసలో మొక్కని పూయిస్తుంది. కేరళ అనాస తోటల్లో ఇప్పుడు ఈ పనికి ఇథిలీన్‌ని వదిలే ఇథరెల్ అనే మందుని నీళ్లలో కలిపి మొవ్వులో పోస్తారు, ఒక్కో మొక్కకి క్షణాల పని. సావో మిగెల్‌లో ఇంకా పొగే.

కాయ కట్టాక ఇంకో చేతిపని ఉంది. నెత్తిమీది ఆకుల కిరీటం పెరిగిపోకుండా దాని మధ్య మొవ్వుని తీసేస్తారు, కిరీటం పొట్టిగా ఆగిపోతుంది. పొట్టి కిరీటం చూస్తే చాలు, లిస్బన్ బజారులో అది ఏ పండో తెలిసిపోతుంది. 1996లో యూరోపియన్ యూనియన్ ఈ పండుకి మూలస్థాన రక్షణ ఇచ్చింది, అంటే మన బందరు లడ్డూకి జీఐ గుర్తింపు ఉన్నట్టు. అదే 1996లో ఇంకోటి జరిగింది: డెల్ మాంటే కంపెనీ కోస్టారికా నుంచి ఎండీ-2 అనే కొత్త రకం అనాసని మార్కెట్‌లోకి దించింది. తియ్యగా, పసుప్పచ్చగా, ఏడాది పొడవునా ఒకేలా, ఆరుబయట పొలాల్లో చవగ్గా పండే పండు. యూరప్ సూపర్ మార్కెట్లని అది ఊడ్చేసింది. అద్దాల ఇంట్లో రెండేళ్లు సాకిన పండు ధరలో దానితో పోటీ పడే ప్రసక్తే లేదు.

నిజానికి ఈ దెబ్బ కొత్తదేమీ కాదు. 20వ శతాబ్దం మొదట్లో హవాయి డబ్బా అనాస వచ్చింది, యుద్ధాల్లో ఓడలు ఆగిపోయాయి, తర్వాత శీతల ఓడలు ఉష్ణమండలం పండుని నేరుగా యూరప్ రేవుల్లో దించాయి. ప్రతిసారీ సావో మిగెల్ అనాస కొంచెం కొంచెం చిన్నదవుతూ వచ్చింది. ఇప్పుడు అది దూరదేశాల పంట కాదు, ఎక్కువగా పోర్చుగల్ వాళ్లే కొనుక్కునే పండు. దీవిలో భోజనానికి ముందు వేయించిన 'మొర్సెలా' పక్కన అనాస ముక్క పెట్టిస్తారు, పంది రక్తంతో చేసే ఆ సాసేజ్ జిడ్డుని పండు పులుపు కోసేస్తుందని. పులుపు నిలిచే రకం కాబట్టే అది కుదురుతుంది. తియ్యదనం ఒక్కటే ఉన్న ఎండీ-2 ఆ పళ్లెంలో తేలిపోతుంది.

ఇంత కష్టానికి గిట్టుబాటు ఎలా అంటే, సూటిగా చెప్పాలంటే పంట ఒక్కదానితో కష్టం. యూరోపియన్ యూనియన్ తన దూరపు దీవులకి ప్రత్యేకంగా ఇచ్చే వ్యవసాయ సాయంలో అజోర్స్ అనాసకి వాటా ఉంది. రెండో ఆసరా పర్యాటకులు. 2015లో సావో మిగెల్‌కి చవక విమానాలు రావడానికి తలుపులు తీశారు, అప్పటి నుంచి దీవికి వచ్చేవాళ్ల సంఖ్య బాగా పెరిగింది. టీ ఫ్యాక్టరీలో పాత యంత్రాల మధ్య తిరిగి, ఒక కప్పు తాగి, ప్యాకెట్ కొనుక్కుని బయటపడతారు. అనాస ఇళ్లలో మొక్కల మధ్య నడిచి, పొగ కథ విని, అనాస లిక్కర్ సీసా తీసుకెళ్తారు. తోట గేటు దగ్గర అమ్ముడైన ప్యాకెట్‌కి ఓడ ఖర్చు లేదు, దళారీ లేడు. నారింజ కాలంలో దీవి తన సరుకుని కొనేవాళ్ల దగ్గరికి మోసుకెళ్లేది, ఇప్పుడు కొనేవాళ్లే విమానమెక్కి సరుకు దగ్గరికి వస్తున్నారు. ఇది ఒక్క పంట మీద ఆధారపడటం లాంటిదేనా అంటే, కొంతవరకు అవును. కరోనా లాక్‌డౌన్‌లో విమానాలు ఆగినప్పుడు అది ఎలా ఉంటుందో దీవులన్నీ రుచి చూశాయి.

రెండు పంటల్లో ఏది ఎక్కువ కాలం నిలుస్తుందని పందెం వేయాల్సి వస్తే టీ మీద వేయడం మంచిది. టీ పొదలు దశాబ్దాల తరబడి ఉంటాయి, ఒక ఏడాది కోయకపోయినా చచ్చిపోవు, ఇద్దరు మనుషులు ఒక యంత్రంతో చాలా వరసలు కోసేస్తారు. అనాస ఇంటికి అలాంటి వెసులుబాటు లేదు. తుఫాను గాలికి పలక పగిలితే వెంటనే వేయాలి, చెక్క చట్రం కుళ్లితే మార్చాలి, మడి ప్రతిసారీ కొత్తగా పేర్చాలి, పిలక వరస ఒక్కసారి తెగితే మళ్లీ రెండేళ్లు. పైగా ఫాజా ద బైషు ఇప్పుడు ఊరు కాదు, పోంటా డెల్గాడా పట్టణంలో కలిసిపోయిన శివారు. అద్దాల ఇల్లు ఉన్న స్థలం అపార్ట్‌మెంట్‌కి అమ్మితే ఎంత వస్తుందో ప్రతి కుటుంబానికీ తెలుసు. గాజు పగిలి, లోపల పిచ్చిమొక్కలు పెరిగిన పాత ఇళ్లు అక్కడక్కడా కనబడతాయి.

ఉన్నవాళ్లు మాత్రం క్యాలెండర్‌ని వెనక నుంచి లెక్కపెడుతూ పని చేస్తారు. పోర్చుగల్‌లో ఈ పండుకి గిరాకీ క్రిస్మస్‌కి ఎక్కువ. డిసెంబరులో కాయ కోతకి రావాలంటే దాదాపు ఆరు నెలల ముందే పొగ పెట్టాలి, పొగ పెట్టేనాటికి మొక్క తగినంత ఎదిగి ఉండాలి, అలా ఎదగాలంటే ఆ మొదళ్లని అంతకు ముందు ఏడాదే మడిలో పడుకోబెట్టి ఉండాలి.